ఆట కూలి తప్పా?

తోటి విద్యార్థులకు ఒక మాట.

సంక్రాంతి సెలవులకు ఇంటికి పోయినప్పుడు మా అమ్మానాయనతో కలిసి నాలుగు రోజులు మిరపకాయలు కోశాను. ఆ కూలి డబ్బులతో నోటు పుస్తకాలు కొనుక్కున్నాను. "కష్టపడే పిల్లోడు" అని అందరూ మెచ్చుకున్నారు. అవే సెలవుల్లో అద్దంకి దగ్గర ఒక ఊళ్ళో కబడ్డీ పోటీలు పెట్టారు. ఒక జట్టుకు మనిషి తక్కువైతే నన్ను పిలిచారు. రెండు రోజులు ఆడాను. మూడు వందలు ఇచ్చారు. దానికి మాత్రం, మా జట్టు ఎంపికప్పుడు ఒక పెద్దాయన, "డబ్బుకు ఆడినోడివి, నీకు స్కూలు టీమేందిరా?" అని పక్కన నిలబెట్టారు.

అందుకే మీకు జిమ్ థోర్ప్ గురించి చెప్పాలనుకున్నాను. ఆయన కూడా మనలాంటివాడే. రెడ్ ఇండియన్లు అని మన పుస్తకాల్లో రాస్తారే, ఆ అమెరికా ఆదివాసుల్లో సాక్ అండ్ ఫాక్స్ తెగవాడు. చదువుకున్నది కార్లైల్ అనే ఆదివాసీ హాస్టలు బడిలో. ఆ బడిలో పిల్లల జుట్టు కత్తిరించేవారు, సొంత భాష మాట్లాడనిచ్చేవారు కాదు. చదువు మధ్యలో పిల్లల్ని తెల్లవాళ్ళ పొలాలకు, ఇళ్ళకు తక్కువ కూలికి పనికి పంపేవారు. అది ఎవరికీ తప్పనిపించలేదు.

1909లో థోర్ప్ పొలం పనికి బదులు ఇంకో ఇద్దరితో కలిసి రాకీ మౌంట్ అనే ఊరికి పోయి, చిన్న జీతానికి బేస్‌బాల్ ఆడాడు. అది కూడా కర్ర, బంతి ఆటే, క్రికెట్‌కు దూరపు చుట్టం. 1910లో కూడా ఆడాడు. అప్పట్లో కాలేజీ పిల్లలు చాలామంది దొంగ పేర్లతో ఆడి డబ్బులు తీసుకునేవారు. ఈయన తన పేరుతోనే ఆడాడు.

1912 స్టాక్‌హోమ్ ఒలింపిక్స్‌లో పెంటాథ్లాన్, డెకాథ్లాన్ రెండింట్లోనూ బంగారు పతకాలు గెలిచాడు. 1913 జనవరిలో పాత జీతం సంగతి పేపర్లో పడింది. డబ్బుకు ఆడినవాడు ఒలింపిక్స్‌కు పనికిరాడని పతకాలు లాగేసుకున్నారు. ఫిర్యాదు 30 రోజుల్లోపే చెయ్యాలని వాళ్ళ రూలే ఉంది. ఆ రూలు మాత్రం ఎవరూ చూడలేదు.

ఆయన ఇంట్లో కూర్చోలేదు. ఆ ఏడాదే న్యూయార్క్ జెయింట్స్‌లో చేరి, అందరికీ తెలిసేలా జీతానికి ఆడాడు. మొదటి ఏడు ఆడించింది 19 మ్యాచ్‌లే, మిగతా రోజులు బెంచీ మీదే. అయినా వదల్లేదు. 1919 దాకా మూడు జట్లలో మొత్తం 289 మ్యాచ్‌లు ఆడాడు. చివరి ఏడు బోస్టన్ జట్టులో మూడుసార్లు బ్యాటు పడితే దాదాపు ఒకసారి హిట్టు కొట్టాడు. ఆ ఆటలో అది చాలా మంచి లెక్క. ఆట అయిపోయాక మట్టి తవ్వాడు, సినిమాల్లో చిన్న వేషాలు వేశాడు. 1953లో పేదవాడిగానే చనిపోయాడు. పతకాలు 1983లో ఆయన పిల్లలకు ఇచ్చారు. ఆ రెండు పోటీల్లోనూ ఆయన ఒక్కడే విజేత అని ఒప్పుకున్నది 2022లో. అంటే నూటపదేళ్ళకు!

నాకు అర్థమైంది ఇది. ఇంట్లో ఉన్నవాడికి ఆట సరదా, లేనివాడికి పని కూడా. "డబ్బుకు ఆడకూడదు" అనే రూలు ఉన్నవాడికి బరువు కాదు, లేనివాడి మెడకే పడుతుంది. 2014 నుంచి ప్రో కబడ్డీలో ఆటగాళ్ళను వేలం వేసి లక్షలు ఇస్తున్నారు. టీవీలో చూసి అందరం చప్పట్లు కొడుతున్నాం. లక్షలు తీసుకుంటే గొప్ప, మూడు వందలు తీసుకుంటే తప్పా?

బడి ఎగ్గొట్టి పోటీలకు తిరిగితే తప్పే. దానికి శిక్ష వేస్తే ఒప్పుకుంటాను. నేను సెలవుల్లోనే ఆడాను. నిజంగా అట్టాంటి రూలే ఉంటే ముందే నోటీసు బోర్డు మీద రాయండి. అడిగితే నిజం చెప్పినవాడు పక్కన నిలబడి, దొంగ పేరు చెప్పినవాడు జట్టులో ఉంటే, రేపు చిన్నపిల్లలు ఏం నేర్చుకుంటారు?

మిరప చేలో పడ్డ చెమట, కబడ్డీ కోర్టులో పడ్డ చెమట ఒకటే. రెండూ నావే. ఇది నా అభిప్రాయం. తప్పుంటే పెద్దలు సరిదిద్దండి.

— 9వ తరగతి విద్యార్థి