కుక్కకి పేరుంది, మనిషికి లేదు

దొర ఇంటి కుక్కకి ఓ పేరుంటుంది. ఆ ఇంట్లో ముప్పై ఏళ్ళు చాకిరీ చేసిన మన తాతని మాత్రం "ఒరేయ్" అనే పిలిచారు. ఈ సంగతి మనసులో పెట్టుకుని ఇది చదవండి.

1969లో అమెరికాలో విలియం ఆర్మ్‌స్ట్రాంగ్ అనే తెల్ల రచయిత 'సౌండర్' అనే నవల రాశాడు. దొర పొలంలో వాటాకి సాగు చేసే నల్లవాళ్ళ కథ. పిల్లల ఆకలి చూడలేక తండ్రి మాంసం దొంగిలిస్తాడు. పోలీసులు పట్టుకుపోతారు. పుస్తకానికి పెద్ద బహుమతి వచ్చింది. అయితే అందులో తండ్రికి పేరు లేదు. తల్లికి లేదు. పిల్లాడికీ లేదు. కథలో పేరున్నది కుక్క ఒక్కదానికే! సౌండర్ అంటే ఆ కుక్కే. పేర్లు లేకపోతేనే అది అందరి కథ అవుతుందని సమర్థించేవాళ్ళున్నారు. మరి కుక్కకెందుకు పెట్టారయ్యా?

ఈ నవలని 1972లో సినిమా తీశారు. డైరెక్టరు తెల్లవాడు. స్క్రీన్‌ప్లే రాసింది మాత్రం లోన్ ఎల్డర్ అనే నల్లవాడు. 1927లో జార్జియా రాష్ట్రంలో పుట్టాడు. చిన్నప్పుడే అమ్మానాన్న పోతే మేనమామో చిన్నాన్నో, బంధువుల పంచన పెరిగాడు. ఓడరేవులో కూలి చేశాడు, హోటల్లో సర్వరు పని చేశాడు. నాటకాలాడాడు, తర్వాత తనే రాశాడు. హార్లెంలో ఒక మంగలిషాపు చుట్టూ నడిచే అతని నాటకం 1969లో న్యూయార్క్‌లో ఆడి పేరు తెచ్చింది.

ఎల్డర్ ఏం చేశాడు? ముందు మనుషులకి పేర్లు పెట్టాడు. తండ్రి నేథన్. తల్లి రెబెకా. కొడుకు డేవిడ్. నవల్లో జైలు నుంచి అవిటివాడై వచ్చిన తండ్రి చచ్చిపోతాడు. సినిమాలో కుంటుతూ వచ్చినా బతుకుతాడు, కొడుకుని బడికి పంపుతాడు. మగాడు జైల్లో ఉండగా తల్లీ పిల్లలూ పంట చేతికి తెస్తారు. నవల్లో పిల్లాడికి దొరికే పుస్తకం ఒక ఫ్రెంచి పెద్దమనిషిది. సినిమాలో నల్ల టీచరమ్మ డుబోయిస్ రాతలు చదివి వినిపిస్తుంది. 1946లో మన బాబాసాహెబ్ ఉత్తరం రాసింది ఈ డుబోయిస్‌కే. ఐక్యరాజ్యసమితికి నల్లవాళ్ళు పెట్టుకున్న అర్జీ ప్రతులు కావాలని అడిగారు.

సినిమా మెత్తగా ఉందని, నేథన్ దొర మీద తిరగబడలేదని విమర్శ ఉంది. కొంత నిజమే. దొర మీద నాకూ ఇంకాస్త కోపం కావాలనిపిస్తుంది. కానీ మన చావు మీద కన్నీళ్ళు కార్చడం వాళ్ళకి తేలిక. మనం బతికి పిల్లల్ని చదివించుకోవడం చూడ్డమే కష్టం. ఎల్డర్ ఆ కష్టమే వాళ్ళకి పెట్టాడు.

ఈ రాతకి ఆస్కార్ నామినేషన్ వచ్చింది. నవల ఆధారంగా రాసిన స్క్రీన్‌ప్లే విభాగంలో ఒక నల్ల రచయితకి అదే మొదటిసారి. బహుమతి 'గాడ్‌ఫాదర్'కి పోయింది. స్క్రీన్‌ప్లేకి ఒక నల్ల రచయిత ఆస్కార్ అందుకున్నది 2010లో, అంటే 37 ఏళ్ళ తర్వాత!

తర్వాత ఎల్డర్ టీవీకి ఎక్కువ రాశాడు. 1978లో హారియట్ టబ్మన్ మీద సీరియల్ రాశాడు. ఆమె బానిసగా పుట్టి, పారిపోయి, మళ్ళీ మళ్ళీ వెనక్కెళ్ళి తన వాళ్ళని విడిపించుకొచ్చిన తల్లి. 1996లో ఎల్డర్ చనిపోయాడు.

సౌండర్‌లో తల్లిగా వేసిన సిసిలీ టైసన్ పేరు సినిమా తెలిసినవాళ్ళకి తెలుసు. ఆమెకి రెబెకా అని పేరుపెట్టినవాడు ఎవరని అడగండి. ఒక్కరూ చెప్పరు.