కొడుకు వేషం నుంచి తండ్రి వేషానికి

నటుడు కలం పడితే మంచి డైలాగులన్నీ తనకే రాసుకుంటాడన్న అనుమానం సినిమా రంగంలో పాతదే. బ్రెజిల్ నటుడు, రచయిత జియాన్‌ఫ్రాంచెస్కో గ్వార్నియేరి (1934–2006) జీవితం చూస్తే ఆ అనుమానం నిలబడదు. 1958లో సావో పావులోలోని అరేనా థియేటర్ డబ్బుల్లేక మూతపడే దశలో ఉన్నప్పుడు, ఆయన 'ఏలిస్ నావ్ ఉజావ్ బ్లాక్ టై' నాటకమే దాన్ని నిలబెట్టింది. అప్పటికి ఆయనకు 23 ఏళ్లు. ఒక కార్మిక కుటుంబాన్ని సమ్మె రెండుగా చీల్చిన కథ అది. తండ్రి ఒటావియో సమ్మెకు ముందు నడిచే మనిషి. ప్రియురాలు గర్భవతి కావడంతో, పని పోతే బతుకేమవుతుందన్న భయంతో కొడుకు చియావ్ సమ్మెను కాదని ఫ్యాక్టరీలోకి వెళ్తాడు. నాటకంలో గ్వార్నియేరి వేసింది ఆ కొడుకు వేషమే. రచయితగా తాను ఎవరి పక్షాన లేడో ఆ మనిషి భయాన్ని నటుడిగా తన ఒంట్లోకి తెచ్చుకున్నాడు.

1964 సైనిక కుట్ర తర్వాత, ముఖ్యంగా 1968 చివర్లో నిర్బంధం ముదిరాక, నేరుగా మాట్లాడే వీలు లేకుండా పోయింది. ఆ కాలంలో ఆయన టీవీ సీరియళ్లలో నటించడాన్ని రాజీ అన్నవాళ్లకు కొంత న్యాయం ఉంది. కానీ అవే ఏళ్లలో ఆయన ఏం రాశాడో కూడా చూడాలి. 1973 నాటకంలో రిహార్సల్ చేసుకుంటున్న బృందం సామానును అప్పులవాళ్లు ఒక్కొక్కటిగా పట్టుకుపోతుంటారు. జర్నలిస్టు వ్లాదిమిర్ హెర్జోగ్ 1975లో సైనిక నిర్బంధంలో చనిపోయాడు. మరుసటి ఏడాది గ్వార్నియేరి, ఎప్పటిదో ఒక ఊళ్లో ఉరికి వేలాడుతూ కనిపించిన మనిషి కథను రంగస్థలం మీదికి తెచ్చాడు. ప్రేక్షకులకు అది ఎవరి చావో చెప్పనక్కర్లేకపోయింది.

ఆయన అసలు సత్తా తెలిసేది 1981లో, లియోన్ హిర్స్‌మన్ దర్శకత్వంలో 'ఏలిస్ నావ్ ఉజావ్ బ్లాక్ టై' సినిమాగా వచ్చినప్పుడు. స్క్రిప్టు ఇద్దరూ కలిసి రాశారు. పేరొచ్చిన పాత రచనను ముట్టుకోకుండా తెరకెక్కించి ఉండొచ్చు. ఆయన ఆ పని చేయలేదు. రియో మురికివాడ కథను సావో పావులో కార్మికవాడలకు, 1978 తర్వాత లోహ కార్మికులు చేసిన సమ్మెల కాలానికి మార్చారు. సినిమాలో నల్లజాతి కార్మిక నాయకుడు బ్రౌలియో పోలీసు తూటాకు బలవుతాడు. 1979లో పికెటింగ్ దగ్గర పోలీసులు కాల్చిచంపిన కార్మికుడు సాంతో దియాస్ గుర్తుకు రాక మానడు. ఈసారి గ్వార్నియేరి వేసింది తండ్రి వేషం. కుర్రతనంలో రాసిన ఒటావియో మాటలకు నడివయసు అలసట తోడైంది.

బ్రౌలియో చావు తర్వాతి సన్నివేశం చూడండి. ఒటావియో భార్య రొమానా (ఫెర్నాండా మాంటెనెగ్రో) బల్ల మీద చిక్కుడు గింజలు పోసి ఏరుతుంటుంది. భర్త వచ్చి పక్కన కూర్చుని తానూ ఏరడం మొదలుపెడతాడు. మాటల్లేవు. చేతులు, గింజలు, ఆమె కన్నీళ్లు. నాటకం చివర్లో గింజలు ఏరుతూ ఏడ్చింది రొమానా ఒక్కతే. తాను రాసిన, తానే నటిస్తున్న సినిమాలో, మనసు కదిలించే ఉపన్యాసానికి అన్నివిధాలా వీలున్న చోట, గ్వార్నియేరి పాత్ర నోరు విప్పదు. ఆ ఘనత దర్శకుడిదీ మాంటెనెగ్రోదీ కదా అనవచ్చు. వాళ్ల వాటా పెద్దదే, కాదనను. అయితే తన మాట మీద మోజున్న రచయిత అంత నిశ్శబ్దానికి చోటివ్వడు, ఆ నిశ్శబ్దాన్ని మోయడం చేతకాని నటుడు దానికి ఒప్పుకోడు. వెనిస్ ఉత్సవంలో ఆ సినిమాకు ప్రత్యేక జ్యూరీ బహుమతి వచ్చింది.

చియావ్‌ను ద్రోహిగా నిలబెట్టి కథ ముందే తీర్పు చెప్పేసిందన్నది ఇంతకన్నా గట్టి అభ్యంతరం. నేను ఒప్పుకోను. తండ్రి అతన్ని ఇంట్లోంచి పొమ్మంటాడు, నిజమే. కానీ అతని భయానికి కారణాలను కథ ఎక్కడా దాచిపెట్టదు, పేదరికం మీద అతని విసుగును చులకన చేయదు. సమ్మె విరిచినవాడిని దుర్మార్గుడిగా చూపడం రచయితకు చాలా తేలిక. ఒకప్పుడు రాత్రి తర్వాత రాత్రి అదే వేషం కట్టి, అతని సంజాయిషీ తన నోటితో చెప్పుకున్నవాడికి ఆ తేలికదారి పట్టడం సాధ్యం కాలేదు.