కల్పిత పంచాంగములును, మన కార్తెలును

కథారచనయందు అభిరుచి గల విద్యార్థులు కొందఱు లేని దేశములను కల్పించి, వానికి రాజులను, నదులను, భాషలను ఏర్పఱచుచుందురు. ఇది మంచి వ్యాసంగమే. అయితే అట్టి దేశమునకు పంచాంగమును కూర్చుట తక్కినవానివలె సులభము కాదని మా అభిప్రాయము. మాసములకు పేర్లు పెట్టుట యొక గడియ పని. ఆ మాసములను బట్టి జనులు విత్తుటయు, కోయుటయు, పండుగ చేసికొనుటయు అలవడుటకు తరములు పట్టును.

ఆంగ్ల రచయితయగు టోల్కీన్ తన కల్పిత లోకమందలి హాబిట్లను పొట్టి జాతివారికి 30 దినముల మాసములు 12 ఏర్పఱచి, మిగిలిన దినములను ఏ మాసమునకును చెందని పండుగలుగా నుంచెను. నడివేసవి దినమునకు వారము పేరు సైతము లేదు. అందుచే ఏ తేది యైనను ఏటేట ఒకే వారమున వచ్చును. 1955లో వెలువడిన గ్రంథపు అనుబంధమున ఈ లెక్క యంతయు గలదు. చూచుటకు ముచ్చటగనే యున్నది. కాని ఆ దేశమున పన్ను కట్టువాడును, కూలికి పోవువాడును రచయిత చెప్పినట్లే నడచుకొందురు గనుక, ఆ లెక్కకు ఎదురాడువారు లేరు.

నిజమైన దేశమున ఇట్టి ప్రయత్నము జరిగినప్పుడు ఏమైనదో చూడుడు. ఫ్రాన్సునందు విప్లవ ప్రభుత్వము 1793లో పాత పంచాంగమును త్రోసివేసి, 30 దినముల మాసములు 12ను, పది దినముల వారమును శాసించెను. మాసములకు మంచు, మొలక, కోత మొదలగువాని పేర్లిడిరి. లెక్క చక్కనిదే. కాని యేడవనాడు విశ్రమించు శ్రామికుడు పదవనాటివఱకు ఎదురుచూడవలసి వచ్చెను; ఆదివారపు ఆరాధనయు చెదరెను. నెపోలియను దానిని 1806 జనవరి 1 నుండి రద్దు చేసెను. 1954 వఱకు ఫ్రెంచివారి పాలనలో నుండిన యానాము మన పొరుగుననే గలదు. పారిసు చలిని బట్టి పెట్టిన మంచుమాసమను పేరు విన్నచో, అచ్చటి రైతు నవ్వకుండునా?

మన దేశమందును మేఘనాథ సాహా అధ్యక్షతన 1952లో నొక సంఘము ఏర్పడి, దేశమందలి పంచాంగములను పరిశోధించెను. దాని సలహానుబట్టి ప్రభుత్వము 1957 మార్చి 22 నుండి శకాబ్దమును అనుసరించు రాష్ట్రీయ పంచాంగమును స్వీకరించెను. శాస్త్రదృష్టితో చూడగా అది మిక్కిలి శ్రేష్ఠమైనది. అయినను ఆ తేదిని చూచి విత్తు చల్లిన రైతును గాని, పెండ్లి నిశ్చయించిన గృహస్థుని గాని మేమెఱుగము.

ఇక మన గోదావరి డెల్టాను చూడుడు. పాఠశాలకు జూన్ నెలలో సంవత్సరము మొదలగును. భూమి లెక్కల ఫసలీ జూలై 1న మాఱును. ఉగాది చంద్రుని బట్టి వచ్చును. 2025లో అది మార్చి 30న వచ్చినది. ఈస్టరు పండుగయు చంద్రుని విడిచి లేదు. మార్చి 21న గాని, ఆ పిమ్మట గాని లెక్కప్రకారము వచ్చు పున్నమి తరువాతి ఆదివారమే ఈస్టరు. 12 చాంద్రమాసములకు ఇంచుమించు 354 దినములే యగుటచే, మన పెద్దలు 19 ఏండ్లలో 7 అధికమాసములను చేర్చుదురు; ఈస్టరు గణనమునకును ఆ 19 ఏండ్ల చక్రమే ఆధారము. కావున చంద్రుని లెక్కను మూఢత్వమని పరిహసించు బాలుడు తన యింటి పండుగనే పరిహసించినవాడగును.

వీనియన్నిటిలో సేద్యగానికి మిక్కిలి చేరువయైనవి కార్తెలు. సూర్యుడు 27 నక్షత్రములను ఏడాదిలో దాటును; ఒక్కొక్కదానియందు ఉండు 13, 14 దినములు ఒక కార్తె. ఇది సూర్యుని లెక్క యగుటచే ఏటేట ఇంచుమించు అదే తేదికి వచ్చును. మే 25 ప్రాంతమున రోహిణి. రోళ్లు పగులునని సామెత. జూన్ 8 ప్రాంతమున మృగశిర, తొలకరికి ఎదురుచూపు. జూన్ 22 ప్రాంతమున ఆరుద్ర. సార్వా నారుమళ్లును, ఊడ్పులును ఈ పేర్లతోనే ముడివడియున్నవి. హిందువైనను, క్రైస్తవుడైనను, మహమ్మదీయుడైనను రైతునకు ఈ లెక్క యొక్కటియే. తాతగారు "ఆరుద్రలో నారు పోసితిమి" అని చెప్పినపుడు అది ఏ నెలయో తెలియక మన బాలుడు తెల్లబోవుచున్నాడు. ఒకే యింటిలో ఇరువురికి కాలము వేఱగుట మాకు విచారకరము.

అట్లని కార్తెలను గ్రుడ్డిగా నమ్ముడని మేము చెప్పము. నక్షత్రములను బట్టి లెక్కించు సంవత్సరము ఋతువుల సంవత్సరముకంటె ఇంచుమించు 20 నిమిషములు పెద్దది. ఆ భేదము 72 ఏండ్లకు ఒక దినమగును. వేయి సంవత్సరములకు ఒక కార్తె యంత యగును. పాత సామెత యెల్లకాలము సరిపోదు. ఇట్టి లోపమునే దిద్దుటకు రోములో 1582లో 10 దినములను, ఇంగ్లండులో 1752లో 11 దినములను తీసివేసిరి. అదిగాక, 1852లో ధవళేశ్వరము ఆనకట్ట పూర్తియైన పిదప మన చేలకు వానయొక్కటే దిక్కు కాదు. కాలువకు నీరు వదలిన దినము సైతము రైతునకు పండుగయే.

కావున మా సూచన యిది. ప్రతి తరగతిలో నల్లబల్లపై తేదితోపాటు కార్తెను, తిథిని వ్రాయవలెను. పల్లెలనుండి వచ్చు విద్యార్థులు తొలివాన పడిన దినమును, తమ యూరి కాలువకు నీరు వచ్చిన దినమును, ఊడ్పులు మొదలైన దినమును, మామిడి పూచిన దినమును ఒక పుస్తకమున వ్రాసియుంచవలెను. బృహస్పతి రాశిచక్రమును చుట్టివచ్చుటకు ఇంచుమించు 12 ఏండ్లు పట్టుటచేతనే గోదావరీ పుష్కరములు 2003లోను, 2015లోను జరిగినవి. ఆ పుస్తకమును పై తరగతివారు క్రింది తరగతివారికి అప్పగించుచు ఒక పుష్కరకాలము సాగించినచో, కార్తె ఎంతవఱకు నిజమో, ఎచ్చట తప్పుచున్నదో మన బాలురే చెప్పగలుగుదురు. తలిదండ్రులును ఇంటివద్ద తమకు తెలిసిన గుఱుతులను చెప్పి తోడ్పడవలెనని కోరుచున్నాము. రాబోవు జూన్ నెలలో బడి తెఱచిన నాడే ఈ పని మొదలిడవచ్చును.