నాచు నారు ఇస్తామంటే ముందు పేరు అడగండి

వరి విత్తనం కొనబోయే రైతు సంచి మీద ఎంటీయూ 7029 అని ఉందా, బీపీటీ 5204 అని ఉందా చూడకుండా డబ్బు తీయడు. చేలో కేళీలు కనబడితే ఏరి పారేస్తాడు. మరి సముద్రంలో పండే పంట దగ్గరికొచ్చేసరికి మనమంతా 'ఎర్ర నాచు' అనే ఒక్క మాటతో సరిపెట్టుకుంటున్నాం. ఇది మంచి పద్ధతి కాదు. తెప్పలు కట్టకముందే, తాళ్లు కొనకముందే తీరప్రాంత రైతులు, మత్స్యకారులు నాచును గుర్తుపట్టడం నేర్చుకోవాలి.

ఎందుకంటారా? ఎర్ర నాచులన్నీ ఒకే సరుకు ఇవ్వవు. గ్రాసిలేరియా, జెలిడియెల్లా నుంచి అగర్ వస్తుంది. దాన్ని ప్రయోగశాలల్లో సూక్ష్మజీవులను పెంచడానికీ, తినుబండారాల్లోనూ వాడతారు. కప్పాఫైకస్, హిప్నియా నుంచి వచ్చేది క్యారజీనన్. ఐస్‌క్రీం, టూత్‌పేస్టు వంటివాటిని చిక్కబరచడానికి అది పనికొస్తుంది. రెండింటినీ కలిపి ఎండబెట్టి మూట కడితే ఇక దళారి చెప్పిందే ధర.

రంగు చూసి చెప్పేస్తామంటే కుదరదు. కప్పాఫైకస్‌లో ఆకుపచ్చ, గోధుమ రంగు రకాలూ ఉన్నాయి. ఎండ బాగా తగిలేచోట ఎర్ర నాచు పసుపు పచ్చగా కనబడవచ్చు. కాబట్టి ఆకారం చూడండి. కొమ్మ గుండ్రంగా ఉందా, బల్లపరుపుగా ఉందా? ఎలా చీలుతోంది? రాయిని ఎలా పట్టుకుంది? ఒంటి మీద బొడిపెలున్నాయా? హిప్నియాలో ఒక రకానికి కొసలు గాలంలా వంకర తిరిగి ఉంటాయి. అప్పటికీ అనుమానం తీరకపోతే కొమ్మను అడ్డంగా పల్చగా కోసి మైక్రోస్కోపు కింద చూడాలి. లోపలి కణాల అమరికను బట్టి జాతి తేలుతుంది. ఆ పని చేసిపెట్టే మనిషి జిల్లాలో ఒకరైనా ఉండాలి.

'ఇదంతా కాలేజీ మాస్టార్ల పని, మనకెందుకు' అనేవాళ్లు జపాన్ సంగతి వినాలి. నోరి అనే ఎర్ర నాచును అక్కడ శతాబ్దాలుగా పండిస్తున్నా, దాని విత్తనం ఎక్కణ్ణుంచి వస్తుందో ఎవరికీ తెలియదు. నీళ్లలో గుంజలు పాతి అదృష్టం కోసం ఎదురుచూసేవారు. చిప్పల్లో పెరిగే గులాబీ రంగు పోగులను అప్పటిదాకా వేరే మొక్క అనుకునేవారు. అవి ఈ నాచు జాతికే మరో దశ అని 1949లో కేథలీన్ డ్రూ అనే బ్రిటన్ శాస్త్రవేత్త తేల్చారు. ఆ తర్వాత చిప్పల్లో నారు పెంచి వలలకు ఎక్కించడం మొదలైంది. 1963లో జపాన్‌లోని ఉతోలో ఆమెకు స్మారక చిహ్నం కట్టారు. గుర్తింపు విలువ అంతటిది.

చదువుకున్నవాళ్లకే ఇది సాధ్యమనీ అనుకోవద్దు. తమిళనాడు రామనాథపురం తీరంలో నాచు ఏరే ఆడవాళ్లు గ్రాసిలేరియాను కంజి పాసి అనీ, జెలిడియెల్లాను మరికొళుందు పాసి అనీ విడివిడిగా పిలుస్తారు. మరికొళుందు అంటే మన దవనం.

గుర్తుపట్టలేకపోతే సముద్రానికీ నష్టమే. కప్పాఫైకస్ మన తీరంలో పుట్టింది కాదు, 1984లో మన దేశానికి తెచ్చిన పరాయి మొక్క. మన్నార్ సింధుశాఖలోని కురుసడై దీవి దగ్గర పగడపు దిబ్బల మీదికి అది పాకిందని 2008లో శాస్త్రవేత్తలు ప్రకటించారు. మనదేదో పరాయిదేదో తెలిసిన కళ్లు ఒడ్డున ఉంటే మొదటి కొమ్మ దగ్గరే పీకేయొచ్చు.

2020లో మొదలైన ప్రధానమంత్రి మత్స్య సంపద యోజనలో సముద్ర నాచుకు 640 కోట్ల రూపాయలు ప్రత్యేకించారు. తెప్పలకూ తాళ్లకూ ఖర్చు పెట్టేవాళ్లు గుర్తింపు శిక్షణకూ కొంత తీయాలి. విశాఖ తీరపు నాచుల మీద ఎం. ఉమామహేశ్వరరావు, టి. శ్రీరాములు 1964లోనే ఇంగ్లీషులో అధ్యయనం ప్రచురించారు. అటువంటి చదువు తెలుగులో, బొమ్మలతో, చిన్న పుస్తకంగా పల్లెకారుల చేతికి రావాలి. మత్స్యశాఖ కార్యాలయాల్లో అట్టలకు అంటించి ఆరబెట్టిన నాచు నమూనాలు ఉంచాలి. నీరు వెనక్కి తగ్గిన వేళ రాళ్ల దగ్గరే, భూతద్దం చేతికిచ్చి, ఆడవాళ్లకూ కుర్రాళ్లకూ నేర్పించాలి.

అవి వచ్చేదాకా మీ జాగ్రత్త మీరు పడండి. ఎవరైనా నాచు నారు తెచ్చి ఇవ్వబోతే ఇదే జాతి, ఎక్కణ్ణుంచి తెచ్చారు, దేనికి కొంటారు అని అడగండి. ఈ మూడూ కాగితం మీద రాసి ఇవ్వనివాడి నారు తెప్పకు కట్టకండి.