వినని చెవి – పలకని నాలుక

ఏళ్ల క్రితం మా మదరసాలో ఒక బాలుడు ‘సీన్’, ‘షీన్’ అక్షరాలను వేరుచేసి పలకలేకపోయేవాడు. అశ్రద్ధ అనుకొని పలుమార్లు మందలించాను. అతనికి వినికిడి లోపముందని వైద్య పరీక్షలో తరువాత తేలింది.

శాస్త్రవేత్త మసకాజు కొనిషి గురించి చదివినప్పుడు ఆ బాలుడే జ్ఞాపకం వచ్చాడు. కొనిషి 1933లో జపాన్‌లోని క్యోటోలో జన్మించారు. అమెరికాలోని బర్క్లీలో పీటర్ మార్లర్ వద్ద పరిశోధన చేశారు. పిచ్చుక జాతి పక్షిపిల్ల పెద్దల పాటను విని జ్ఞాపకముంచుకుంటుంది. ఆపై తన గొంతును తానే వింటూ దానికి సరిదిద్దుకుంటుంది. పాడడం నేర్వకముందే వినికిడి పోతే, పెద్దల పాట ముందే విన్నప్పటికీ సరిగా పాడలేదు. 1965లో ఆయన ప్రకటించిన సత్యమిది.

1975లో కాల్‌టెక్ విద్యాసంస్థలో చేరి గుడ్లగూబలపై దృష్టి నిలిపారు. శబ్దం రెండు చెవులకు చేరడంలోని అత్యల్ప కాలభేదంతో కుడియెడమలను, తీవ్రతలోని భేదంతో ఎత్తుపల్లాలను గ్రహించి, ఆ పక్షి చిమ్మచీకటిలోనూ ఎలుకను పట్టగలదు. దాని మెదడులో శబ్ద దిశల పటమే ఉన్నదని 1978లో ఎరిక్ నుడ్సెన్‌తో కలిసి వెల్లడించారు. 2020లో కొనిషి మరణించారు.

తల్లిదండ్రులారా, ఉపాధ్యాయ మిత్రులారా! పదే పదే తప్పు పలికే బిడ్డను గద్దించే ముందు, వాడికి సరిగా వినబడుతున్నదా అని ఆలోచించండి. సందేహం కలిగితే చెవి వైద్యునికి చూపించండి. ఆనాడు నేను ఆ పని చేయలేదు.