అన్నం వరసలు వేరైనా చదువు జట్టు ఒకటే కావాల



1991లో జపాన్‌లో ‘సూపర్ రోబోట్ వార్స్’ అనే వీడియో గేమ్ మొదలైంది. మాజింగర్, గెట్టర్, గండమ్ అనే పెద్ద పెద్ద రోబోలవి వేరే వేరే కథలు. ఈ ఆటల్లో అవన్నీ ఒక జట్టవుతాయి. గళ్ల మీద వంతుల ప్రకారం కదపాల. తర్వాత వచ్చిన ఆటల్లో పక్క గడిలో తోడున్న రోబో దెబ్బకు అడ్డం వస్తుంది.

మన పులిజూదమూ అంతే. 3 పులులు, 15 మేకలు. ఒంటి మేకను పులి మింగుతుంది. మేకలన్నీ జతగా ఉంటే పులినే కట్టేస్తాయి.

మరి మన హాస్టల్లో? అన్నాల కాడ సుగాలీలు ఒక వరస, యానాదులు ఒక వరస, ఎరుకలవాళ్లు ఒక వరస. లెక్క రాకపోతే పక్క వరసను అడగం. ఇంటి కాడ చెప్పేవాళ్లు మనలో ఎవరికున్నారు? ఇట్లయితే పదో తరగతి పులి ఒక్కొక్కరినే మింగుతుంది.

వార్డెన్ మేడమ్ గారూ, రాత్రి స్టడీకి మూడు వరసల నుంచి ముగ్గురిని కలిపి జట్లు చేయండి. గండికోట గోడైనా ఒక్క రాయితో నిలవలేదు కదా!

– 9వ తరగతి విద్యార్థిని