గీత గీసే చేతులు ఎవరివి?

ఎన్నికలు వచ్చినప్పుడల్లా మనం ఒక లెక్క వేసుకుంటాం. ఏ పార్టీ ఎంతమంది స్త్రీలకు టికెట్లిచ్చింది, వాళ్లలో ఎంతమంది గెలిచారు అని. ఆ లెక్క అవసరమే. కానీ టికెట్ల పంపకానికి చాలా ముందే ఇంకో పని జరిగిపోతుంది. ఏ ఊరు, ఏ వీధి ఏ నియోజకవర్గంలోకి రావాలో నిర్ణయిస్తూ సరిహద్దులు గీస్తారు. ఆ గీతలు స్త్రీల రాజకీయ జీవితాన్ని ఎంతగా తారుమారు చేయగలవో చెప్పడానికి ఈసారి అమెరికాలోని ఒక నియోజకవర్గం చరిత్రను తీసుకుంటున్నాను. జార్జియా రాష్ట్రంలో, అట్లాంటా నగర శివార్లలో ఉన్న ఆరవ నియోజకవర్గం అది. అక్కడి పార్లమెంటును కాంగ్రెస్ అంటారు. దాని దిగువ సభ అయిన ప్రతినిధుల సభకు జార్జియా నుంచి ఇప్పుడు 14 స్థానాలున్నాయి. పదేళ్లకోసారి జనాభా లెక్కలు తీశాక ఈ స్థానాల సరిహద్దులను రాష్ట్ర శాసనసభే గీస్తుంది. అంటే మెజారిటీ ఉన్న పార్టీ చేతిలోనే పెన్సిలు ఉంటుంది.

ముందుగా పక్కనే ఉన్న ఐదవ నియోజకవర్గం సంగతి చెప్పాలి. 1946 ఫిబ్రవరిలో అక్కడ జరిగిన ఉపఎన్నికలో హెలెన్ డగ్లస్ మాంకిన్ అనే న్యాయవాది గెలిచారు. నల్లజాతి ఓటర్ల మద్దతే ఆమెను గెలిపించింది. కొద్ది నెలల తర్వాత పార్టీ అభ్యర్థిని ఎంచుకునే ప్రాథమిక ఎన్నికలో కూడా ఆమెకే ఎక్కువ ఓట్లొచ్చాయి. అయినా ఓడిపోయారు. ఓట్లను కాక కౌంటీలను యూనిట్లుగా లెక్కించే పాత పద్ధతిని ఆ ఎన్నికకు మళ్లీ తీసుకొచ్చారు మరి. ఆ పద్ధతిని సుప్రీంకోర్టు 1963లో కొట్టేసింది. మరుసటి ఏడాది ఇదే ఐదవ నియోజకవర్గం మీద వచ్చిన వెస్‌బెర్రీ కేసులో, ఒక రాష్ట్రంలోని నియోజకవర్గాల జనాభా వీలైనంత సమానంగా ఉండాలని తీర్పిచ్చింది. అప్పటికి ఐదవ నియోజకవర్గంలో 8 లక్షల పైచిలుకు జనం ఉంటే, తొమ్మిదవ దానిలో 2 లక్షల 72 వేల మందే ఉన్నారు. ఇద్దరికీ చెరొక సభ్యుడే!

జనాభా సమానమయింది. గీతల రాజకీయం మాత్రం ఆగలేదు.

ఆరవ నియోజకవర్గం ఆ రోజుల్లో అట్లాంటాకు దక్షిణాన, పడమటి వైపున ఉండేది. 1978లో అక్కడ డెమొక్రాట్ల తరఫున వర్జీనియా షాపర్డ్, రిపబ్లికన్ల తరఫున న్యూట్ గింగ్రిచ్ పోటీ చేశారు. షాపర్డ్ అప్పటికే రాష్ట్ర సెనేటర్. ఆమె గెలిస్తే తాను వాషింగ్టన్ వెళ్లిపోతుందని, భర్తా పిల్లలూ ఇక్కడే మిగిలిపోతారని గింగ్రిచ్ వర్గం ప్రచారం చేసింది. తమ అభ్యర్థి మాత్రం కుటుంబాన్ని ఒక్కచోటే ఉంచుతాడని చెప్పుకుంది. షాపర్డ్ ఓడిపోయారు. రెండేళ్లు తిరక్కుండానే గింగ్రిచ్ విడాకులకు దరఖాస్తు పెట్టుకున్నాడు. ఇల్లు ఏమవుతుందన్న ప్రశ్న స్త్రీకి మాత్రమే వేస్తారని మన పంచాయతీ సభ్యురాళ్లకు వేరే చెప్పక్కర్లేదు.

1990లో గింగ్రిచ్ 974 ఓట్ల తేడాతో బతికి బయటపడ్డాడు. ఆ తర్వాత జరిగిన పునర్విభజనలో డెమొక్రాట్ల శాసనసభ ఆయన్ని దెబ్బతీయాలని పాత నియోజకవర్గాన్ని ముక్కలు చేసి, ఆరవ నంబరును నగరానికి ఉత్తరాన ఉన్న సంపన్న శివార్లకు మార్చింది. ఆయన మకాం అక్కడికి మార్చి, 1992 ప్రాథమిక ఎన్నికలో 980 ఓట్లతో గట్టెక్కాడు. ఇక అది రిపబ్లికన్లకు కంచుకోట అయిపోయింది. 1995లో ఆయన ప్రతినిధుల సభ స్పీకరయ్యాడు. ఆయన తర్వాత జానీ ఐజాక్‌సన్, ఆ తర్వాత టామ్ ప్రైస్. 1978 నుంచి 2016 దాకా ఈ స్థానం గెలిచినవాళ్లందరూ మగవాళ్లే.

ఈలోగా శివార్లు మారిపోతూ వచ్చాయి. నల్లజాతి కుటుంబాలు, లాటిన్ అమెరికా నుంచి, ఆసియా నుంచి వచ్చినవాళ్లు ఇక్కడ స్థిరపడ్డారు. 2017లో ప్రైస్ కేంద్ర మంత్రివర్గంలోకి వెళ్లడంతో ఉపఎన్నిక వచ్చింది. అయిదు కోట్ల డాలర్లకు పైగా ఖర్చయిన ఆ ఎన్నిక, అప్పటికి ప్రతినిధుల సభ చరిత్రలోకెల్లా ఖరీదైనది. డెమొక్రాట్ జాన్ ఆసాఫ్‌ మీద రిపబ్లికన్ కేరెన్ హాండెల్ గెలిచారు. జార్జియా నుంచి కాంగ్రెస్‌కు వెళ్లిన మొదటి రిపబ్లికన్ మహిళ ఆమె.

ఆ ఎన్నికలో డెమొక్రాట్ల కోసం ఇంటింటికీ తిరిగినవాళ్లలో అంతకుముందు రాజకీయాల జోలికి వెళ్లని గృహిణులు, ఉద్యోగినులు ఎందరో ఉన్నారు. ఓడినా వాళ్లు ఇళ్లకే పరిమితం కాలేదు. 2018లో లూసీ మెక్‌బాత్ అభ్యర్థిగా నిలబడ్డారు. విమాన సహాయకురాలిగా ఏళ్ల తరబడి పనిచేసిన నల్లజాతి మహిళ ఆమె. 17 ఏళ్ల ఆమె కొడుకును 2012లో ఒక పెట్రోలు బంకు దగ్గర, కారులో పాటలు గట్టిగా పెట్టారన్న గొడవలో, ఒక శ్వేతజాతీయుడు కాల్చి చంపాడు. తుపాకుల నియంత్రణ కోసం చేసిన పోరాటమే ఆమెను ఎన్నికల దాకా తెచ్చింది. హాండెల్ మీద ఒక్క శాతం తేడాతో గెలిచారు. 2020లో మళ్లీ గెలిచారు. అదే ఏడాది పొరుగున ఉన్న ఏడవ నియోజకవర్గంలో, కిందటిసారి కొన్ని వందల ఓట్లతో ఓడిన కెరొలిన్ బోర్డో, రిచ్ మెక్‌కార్మిక్ అనే రిపబ్లికన్‌ను ఓడించారు.

2021లో శాసనసభ మళ్లీ గీతలు గీసింది. ఈసారి మెజారిటీ రిపబ్లికన్లది. ఆ ఏడాది వేసవిలో ప్రజాభిప్రాయ సభలు పెట్టారు కానీ అప్పటికి పటం తయారు కాలేదు. చూడని గీత మీద ఎవరైనా ఏం అభ్యంతరం చెప్పగలరు? ఆరవ నియోజకవర్గాన్ని ఉత్తరాన ఫోర్సైత్, డాసన్ కౌంటీల దాకా సాగదీసి రిపబ్లికన్లకు ఖాయం చేశారు. మెక్‌బాత్ ఏడవ దానికి మారక తప్పలేదు. 2022 మేలో ఒకే పార్టీకి చెందిన ఇద్దరు మహిళా సభ్యులు ఒకే స్థానం కోసం తలపడ్డారు. బోర్డో ఓడిపోయారు. మరి ఆరవ స్థానం ఎవరికి దక్కింది? రెండేళ్ల కిందట బోర్డో చేతిలో ఓడిన ఆ మెక్‌కార్మిక్‌కే!

కథ అక్కడితో ఆగలేదు. ఈ పటం నల్లజాతి ఓటర్ల హక్కును దెబ్బతీసిందని, 1965 నాటి ఓటుహక్కు చట్టానికి విరుద్ధమని 2023 అక్టోబరులో ఫెడరల్ న్యాయమూర్తి తీర్పిచ్చారు. డిసెంబరులో శాసనసభ మరో పటం చేసింది. అట్లాంటా పడమటి శివార్లలో నల్లజాతివారు ఎక్కువగా ఉండే కొత్త స్థానాన్ని ఏర్పరచి, దానికి ఆరవ నంబరు ఇచ్చింది. అదే చేత్తో మెక్‌బాత్ ప్రాతినిధ్యం వహిస్తున్న ఏడవ స్థానాన్ని చీల్చేసింది. 2024లో ఆమె ఆరవ స్థానం నుంచే తేలిగ్గా గెలిచారు. నంబరు పాతదే, ఊళ్లు మాత్రం వేరు. 2018లో ఆమె కోసం గడప గడపా తొక్కిన ఉత్తర శివార్ల స్త్రీల చేతుల్లోంచి ఆ స్థానం జారిపోయింది.

ఆ ఉత్తర శివార్లలోనే జాన్స్ క్రీక్, ఆల్ఫరెటా, కమ్మింగ్ వంటి చోట్ల మన తెలుగు కుటుంబాలు పెద్ద సంఖ్యలో ఉన్నాయి. నియోజకవర్గాల లెక్కలో పౌరులు కానివాళ్లను కూడా జనాభాగా కలుపుతారు. భర్త ఉద్యోగ వీసా మీద ఆధారపడి వెళ్లిన తెలుగు అమ్మాయి కూడా ఆ లెక్కలో ఒక మనిషే. ఓటు మాత్రం ఉండదు. ఆమెను లెక్కలోకి తీసుకుని వచ్చిన ప్రాతినిధ్యాన్ని వేరేవాళ్లు వాడుకుంటారు.

ఇదంతా మనకెందుకని ఎవరైనా అడగవచ్చు. 2023లో పార్లమెంటు ఆమోదించిన 106వ రాజ్యాంగ సవరణ లోక్‌సభలో, శాసనసభల్లో మూడోవంతు స్థానాలు స్త్రీలకు కేటాయించింది. అయితే అది జనాభా లెక్కలూ ఆపైన పునర్విభజనా జరిగాకే అమలవుతుందని మెలిక పెట్టింది. ఆ తర్వాత ప్రతి పునర్విభజనకూ ఆ స్థానాలు మారాలని కూడా చెప్పింది. ఈ మార్పిడి సంగతి మనకు పంచాయతీల్లో అనుభవమే. అయిదేళ్లు తిరిగి, నీళ్లు తెప్పించి, రేషన్ డీలరుతో పోట్లాడి ఒక సర్పంచి పేరు తెచ్చుకునేసరికి, వచ్చే ఎన్నికల నాటికి ఆ స్థానం రిజర్వేషను మారిపోతుంది.

మనకూ శివారు నియోజకవర్గాలున్నాయి. 2008 పునర్విభజనలో పుట్టిన మల్కాజిగిరి 2019 నాటికి 31 లక్షల పైచిలుకు ఓటర్లతో దేశంలోనే పెద్దది. 2009 నుంచి 2024 దాకా నాలుగు ఎన్నికల్లోనూ అక్కడ గెలిచింది పురుషులే.

మన దగ్గర గీతలు గీసేది శాసనసభ కాదు, కమిషన్. అది మేలే. కానీ కమిషన్ ఉత్తర్వులను మామూలుగా కోర్టులో సవాలు చేయడానికి వీల్లేదు. 2002 చట్టం కింద జరిగిన పునర్విభజనలో ముసాయిదా ప్రకటించి, అభ్యంతరాలు తీసుకుని, బహిరంగ విచారణలు జరిపాకే తుది ఉత్తర్వు ఇచ్చారు. మనం మాట్లాడటానికి ఉన్న సమయం ఆ కొద్ది రోజులే. ఆ విచారణల్లో పార్టీల నాయకులు పటాలు పట్టుకుని కూర్చుంటారు. మహిళా సంఘాలు ఎక్కడ కూర్చుంటాయి?

అందుకే కార్యకర్తలకు నాదొక విన్నపం. ముసాయిదా వచ్చేదాకా ఆగకండి. మీ నియోజకవర్గం పటం ఇప్పుడే సంపాదించండి. మీ సంఘాలు ఏ మండలాల్లో ఉన్నాయో, ఏ గీత వాటిని విడదీయగలదో గుర్తు పెట్టుకోండి. ఏయే స్థానాలు స్త్రీలకు కేటాయిస్తారు, ఎలా ఎంపిక చేస్తారు, ఎన్నేళ్లకు మారుస్తారు అని మీ ఎమ్మెల్యేనీ ఎంపీనీ రాతపూర్వకంగా అడగండి. వచ్చిన జవాబులు, రాని జవాబుల సంగతి కూడా, మాకు రాయండి. వచ్చే సంచికల్లో వేస్తాం.